పుస్తకంలోకి ఎక్కిన ఆచారం ఎవరిది?

ఒక తెగవాళ్లు పెళ్లి ఎలా చేసుకుంటారో, ఏ దేవతను కొలుస్తారో, చనిపోయినవాళ్లను ఎలా సాగనంపుతారో ఒక రచయిత వెళ్లి చూసి పుస్తకం రాశాడనుకుందాం. మూడు తరాల తర్వాత అదే తెగలో పుట్టిన ఒక అమ్మాయి కాలేజీ సీటు నిలుస్తుందా, పోతుందా అన్నది తేల్చేటప్పుడు అధికారుల బల్ల మీద ఉండే కాగితాల్లో ఆ పుస్తకం కూడా ఒకటి కావచ్చు. ఆ తెగ పాట ఎవరి ఆస్తి, ఆ అడవి ఎవరిది, ఆ ఆకు మందు మీద వచ్చే డబ్బు ఎవరికి అన్న ప్రశ్నల్లోనూ అదే పుస్తకం అడ్డం రావచ్చు, అండగానూ నిలబడవచ్చు. గిరిజన సంస్కృతి మీద రాయడం అంటే మనలో చాలామందికి ‘అంతరించిపోతున్నదాన్ని కాపాడటం’ అన్న ఒక్క మాటే గుర్తొస్తుంది. విషయం అంతకంటే చాలా చిక్కుగా ఉంది.

చెన్నైలో మాకు తెలిసిన తెలుగు రచయిత ఒకాయన కొంతకాలంగా పులికాట్ సరస్సు, అంటే మన ప్రళయకావేరి, చుట్టుపక్కల యానాదుల పాటలూ కథలూ సేకరిస్తున్నారు. సెంట్రల్‌లో సూళ్లూరుపేట లోకల్ ఎక్కి వెళ్తారు, వాళ్ల గుడిసెల ముందు కూర్చుని ఫోన్‌లో రికార్డు చేసుకుని వస్తారు. పుస్తకం అచ్చుకు దగ్గరపడేకొద్దీ ఆయనకు టెన్షన్ పెరిగింది. అట్ట మీద ఎవరి పేరు ఉండాలి? పాట పాడిన అవ్వకు చట్టంలో ఏమైనా హక్కు ఉందా? తేలు మంత్రం, పసరు మందు గురించి విన్నవి రాయొచ్చా? మా తెలుగువాళ్ల సమావేశంలో ఒక సాయంత్రమంతా ఈ ప్రశ్నల మీదే గడిచింది. అక్కడ తెగని ముడులను నాకు చేతనైనంత విప్పి చూపించాలని ఇది రాస్తున్నాను.

ఎగ్మోర్‌లో కొలతలు

ఈ కథలో పెద్ద భాగం చెన్నైలోనే జరిగింది. ఎడ్గార్ థర్‌స్టన్ 1885 నుంచి 1908 వరకు ఎగ్మోర్‌లోని మద్రాస్ ప్రభుత్వ మ్యూజియానికి సూపరింటెండెంట్. కె. రంగాచారి సాయంతో ఆయన తయారుచేసిన ‘క్యాస్ట్స్ అండ్ ట్రైబ్స్ ఆఫ్ సదరన్ ఇండియా’ 1909లో ఏడు సంపుటాలుగా వచ్చింది. కులాలనూ తెగలనూ ఇంగ్లిష్ అక్షరక్రమంలో పేర్చారు కాబట్టి యానాదుల వంతు చివరిదైన ఏడో సంపుటంలో వస్తుంది. ఎంతో ఓపికతో పోగుచేసిన సమాచారం అది. దక్షిణాది తెగల మీద పనిచేసేవాళ్లెవరూ నేటికీ దాన్ని తెరవకుండా ఉండలేరు. దాన్ని నేను తీసిపారేయడం లేదు.

అయితే అది తయారైన తీరు మరిచిపోకూడదు. తల వెడల్పు, ముక్కు పొడవు వెడల్పులు కొలిచి మనిషి ఏ జాతికి చెందుతాడో చెప్పవచ్చని ఆనాటి అధికారుల్లో బలమైన నమ్మకం. హెర్బర్ట్ రిస్లీ దానికి పెద్ద ప్రచారకుడు. థర్‌స్టన్ కూడా కొలత పరికరాలు పట్టుకుని ఊళ్లు తిరిగాడు, మ్యూజియం చూడటానికి వచ్చినవాళ్లనూ కొలిచాడు. నేరస్తులను గుర్తుపట్టడానికి ఇదే కొలతల విద్యను మద్రాస్ పోలీసులకు నేర్పాడు. 1871 నాటి నేరస్థ జాతుల చట్టం 1911లో మద్రాస్ ప్రెసిడెన్సీకీ వచ్చింది. పుట్టుకతోనే నేరస్తులని ముద్రపడ్డ తెగల్లో మన ఎరుకలవాళ్లు ఉన్నారు. బాపట్ల దగ్గరి స్టువర్టుపురం అలా కాపలా కింద పెట్టిన సెటిల్‌మెంటే. ఒక తెగ గురించి ‘వీళ్ల స్వభావం ఇది’ అని కాగితం మీద పెట్టే అలవాటు, ఆ తెగను కాపలా కాసే అలవాటు ఒకే కాలంలో, ఒకే ప్రభుత్వంలో పెరిగాయి. దేశమంతటా ఆ చట్టం పోయింది 1952లో.

యానాదుల విషయమే చూడండి. రెడ్డి యానాదులు, చల్ల యానాదులు, కప్పల యానాదులు అన్న విభాగాలు ఆ పాత పుస్తకాల్లో కనిపిస్తాయి. ఊళ్లోవాళ్ల ఇళ్ల దగ్గర పని చేసినవాళ్లు, మిగిలిన అన్నం తిన్నవాళ్లు, కప్పలు తిన్నవాళ్లు అని వాళ్లను పై కులాలు చూసిన చూపు ఆ పేర్లలోనే ఉంది. ఇవాళ ఆంధ్రప్రదేశ్ ఎస్టీ జాబితా తెరిస్తే యానాదుల పేరు పక్కన ఇవే విభాగాలు అధికారికంగా అచ్చై ఉంటాయి. 2011 జనగణన నాటికి 5 లక్షలు దాటిన ఒక సమాజానికి ఇది సర్టిఫికెట్‌లో ఉండే మాట. ఇదే తెగవాళ్లు సరిహద్దు దాటి తమిళనాడులోకి వస్తే, అక్కడి ఎస్టీ జాబితాలో యానాది అన్న పేరే లేదు. సరస్సు ఒకటే, చేపలు పట్టే వల ఒకటే, ఒడ్డు మారితే గుర్తింపు పోతుంది.

పుస్తకం పరీక్షగా మారినప్పుడు

నన్ను ఎక్కువగా కలవరపెట్టిన భాగం ఇది. అందుకే కాస్త నిదానంగా చెబుతాను.

ఎస్టీ జాబితా రాజ్యాంగంలోని 342వ అధికరణం కింద వస్తుంది. ఒక సమూహాన్ని అందులో చేర్చవచ్చా అని చూడటానికి 1965లో లోకూర్ కమిటీ ఐదు గుర్తులు చెప్పింది: ఆదిమ లక్షణాలు, తమదైన సంస్కృతి, జనానికి దూరంగా బతకడం, బయటివాళ్లతో కలవడానికి జంకడం, వెనుకబాటుతనం. ఈ ఐదింటినీ చదివితే ఒకటి తెలుస్తుంది. చదువుకుని, పట్నం చేరి, నలుగురితో ధైర్యంగా మాట్లాడే గిరిజనుడు ఈ లెక్కలో తన గిరిజనత్వాన్ని తానే పోగొట్టుకుంటున్నట్టు అవుతుంది.

తర్వాత 1994. మాధురీ పాటిల్ కేసులో సుప్రీంకోర్టు దొంగ సర్టిఫికెట్లను పట్టుకోవడానికి ఒక పద్ధతి పెట్టింది. ఆ అవసరం నిజమైనదే. గిరిజనుల సీట్లను గిరిజనులు కానివాళ్లు కాజేయడం ఎన్నో రాష్ట్రాల్లో జరిగింది. ఆ పద్ధతి ప్రకారం విజిలెన్స్ అధికారులు అభ్యర్థి ఊరికి వెళ్లి విచారించాలి. తెగ లక్షణాలు, దేవత, ఆచారాలు, పెళ్లి పద్ధతి, చావు కర్మలు, పూడ్చే తీరు తెలుసుకుని, అవి ఆ తెగవాళ్లవేనా అని పోల్చాలి. దీన్ని అఫినిటీ టెస్ట్ అంటున్నారు. ఇక్కడ అసలు ప్రశ్న: దేనితో పోల్చాలి? తెగ ఆచారం ఇదీ అని చెప్పడానికి చేతిలో ఉండేవి ఎక్కువగా పాత పుస్తకాలే. 1909లోనో 1945లోనో ఎవరో ఒక ఊళ్లో చూసి రాసినది, ఇప్పటి పిల్లకు పరీక్ష పేపర్ అవుతుంది.

తాత కాలంలోనే ఉత్తర చెన్నైకి కూలి పనికి వచ్చేసిన ఒక గిరిజన కుటుంబాన్ని ఊహించుకోండి. పెళ్లిళ్లు దగ్గరి గుడిలో చేసుకుంటారు. చనిపోయినవాళ్లను కార్పొరేషన్ శ్మశానానికి తీసుకెళ్తారు, వేరే చోటు లేదు కాబట్టి. ఆ ఇంటి అమ్మాయిని ‘మీ కులదేవత పేరేమిటి, శవాన్ని ఏ దిక్కుకు పెడతారు’ అని అడిగితే ఆమె ఏం చెప్పాలి? తెలుసుకుని చెబితే పుస్తకం చదివి చెప్పిందని అనుమానం. తెలియదంటే తెగకు చెందదని అనుమానం. తమిళనాడు జాబితాలో కొండారెడ్లు ఉన్నారు, మన భాష మాట్లాడేవాళ్లే. వాళ్ల సర్టిఫికెట్ల వివాదాలు మద్రాస్ హైకోర్టు దాకా వెళ్లాయి.

సుప్రీంకోర్టు తర్వాత ఈ విషయంలో మెత్తబడింది. వలసలు, ఆధునిక జీవితం వల్ల పాత లక్షణాలు కనిపించకపోవచ్చని 2011లో ఒక తీర్పులో అంది. 2023 మార్చిలో ముగ్గురు జడ్జీల ధర్మాసనం అఫినిటీ టెస్ట్ ఒక్కటే తేల్చేసే గీటురాయి కాదని స్పష్టంగా చెప్పింది. తీర్పు మారింది. కింది ఆఫీసుల్లో అడిగే ప్రశ్నలు అంత త్వరగా మారవు.

అందుకే ఈ విషయంలో రచయిత వాడే క్రియాపదానికి కూడా బరువుందని అంటాను. ‘యానాదులు ఇలా చేస్తారు’ అని రాస్తే అది ఒక తెగకు కట్టిన చట్రం. ‘ఫలానా ఏడాది, ఫలానా పాలెంలో, ఈ కుటుంబం ఇలా చేసింది, పక్క కుటుంబం వేరుగా చేసింది’ అని రాస్తే అది ఒక సాక్ష్యం. రెండోది చదవడానికి అంత దర్జాగా ఉండదు. కానీ రేపు ఎవరి మెడకూ చుట్టుకోదు.

మన గిడుగు చేసిన పని

థర్‌స్టన్ కాలంలోనే, అదే ప్రెసిడెన్సీలో, ఒక తెలుగు ఉపాధ్యాయుడు వేరే దారి పట్టాడు. ఆగస్టు 29ని తెలుగు భాషా దినోత్సవంగా చేసుకుంటాం, గిడుగు రామమూర్తి గారిని వ్యావహారిక భాష కోసం తలుచుకుంటాం. కానీ పర్లాకిమిడిలో ఉండగా ఆయన సవరల భాష నేర్చుకుని, వాళ్ల పిల్లలకు బడులు పెట్టి, వాళ్ల భాషలోనే వాచకాలు రాసిన సంగతి సభల్లో ఒక వాక్యంతో అయిపోతుంది. అడవి జ్వరానికి వాడిన క్వినైన్ వల్ల ఆయనకు చెవుడు వచ్చింది. ఒక భాషను చెవితో పట్టుకోవాల్సిన మనిషికి అది ఎంత దెబ్బో ఆలోచించండి. అయినా ఆపలేదు. సవర భాషా వ్యాకరణం 1931లో, సవర-ఇంగ్లిష్ నిఘంటువు 1938లో మద్రాస్ ప్రభుత్వ ముద్రణాలయం నుంచి వచ్చాయి.

నాకు ఇందులో ముఖ్యంగా కనిపించేది ఆయన పాఠకులు ఎవరన్నది. థర్‌స్టన్ పుస్తకాన్ని చదివేవాళ్లలో యానాదులు, సవరలు ఉంటారన్న ఊహే ఆ పుటల్లో కనపడదు. గిడుగు వాచకాలు చదవాల్సింది సవర పిల్లలే. ఇంకొకటి కూడా గుర్తుంచుకోవాలి. 1936లో సవరల నుంచే మంగేయి గొమాంగో తమ భాషకు సొంత లిపి, సొరంగ్ సొంపెంగ్, తయారుచేశాడు. అది 2012లో యూనికోడ్‌లోకి కూడా వచ్చింది. బయటివాడు ఎంత ప్రేమతో రాసిపెట్టినా, తమ రాత తామే రాసుకోవాలన్న కోరిక ఆ సమాజంలో అప్పటికే ఉంది.

అదే దశకం చివర, 1940లో, జోడేఘాట్‌లో కొమురం భీమ్‌ను చంపిన తర్వాత, గోండుల అసంతృప్తికి కారణమేమిటో తెలుసుకోవడానికి నిజాం ప్రభుత్వం ఆస్ట్రియా మానవ శాస్త్రవేత్త హైమన్‌డార్ఫ్‌ను పంపింది. ఆయన మార్లవాయిలో ఉండి రాసిన పుస్తకాలకన్నా, భూముల పట్టాల కోసం, గోండీ బడుల కోసం చేసిన పనినే ఆ ప్రాంతంవాళ్లు ఎక్కువగా తలుచుకుంటారు.

పాట ఎవరిది?

ఇక చట్టం. 1957 కాపీరైట్ చట్టానికి ఒక రచయిత కావాలి. పేరున్న మనిషి రాసినదానికి అతని జీవితకాలం, ఆపైన 60 ఏళ్లు రక్షణ ఉంటుంది. తరతరాలుగా నోటి నుంచి నోటికి వచ్చిన పాటకు అలాంటి రచయిత లేడు. కాబట్టి ఆ పాట చట్టం దృష్టిలో ఎవరిదీ కాదు, ఎవరైనా వాడుకోవచ్చు. కానీ ఆ పాటల్ని ఏరి, వరసలో పెట్టి, ముందుమాట రాసి పుస్తకం వేసిన మనిషికి ఆ సంకలనం మీద కాపీరైట్ వస్తుంది. పాటను రికార్డు చేసి విడుదల చేసిన నిర్మాతకు ఆ సౌండ్ రికార్డింగ్ మీద 60 ఏళ్ల హక్కు వస్తుంది. రాసినవాడికీ, రికార్డు చేసినవాడికీ హక్కు. పాటను ఇన్ని వందల ఏళ్లు బతికించినవాళ్లకు లేదు. ఈ అన్యాయం ఎవరి దురుద్దేశం వల్లో వచ్చింది కాదు. రచన అంటే ఒంటరి మనిషి చేసేదన్న ఊహ మీద కట్టిన చట్టంలోంచే వచ్చింది.

అయితే అదే చట్టంలో చాలామందికి తెలియని ఒక తలుపు ఉంది. ప్రదర్శకుల హక్కు. 1994 సవరణతో వచ్చి, ఇప్పుడు 50 ఏళ్లు ఉండే హక్కు ఇది. ప్రదర్శకులంటే ఎవరన్న నిర్వచనంలో గాయకులు, నర్తకులతోపాటు గారడీవాళ్లు, పాములాడించేవాళ్లు కూడా ఉన్నారు. అంటే పాట ఎవరిదీ కాకపోయినా, ఆ పూట ఆ అవ్వ పాడిన తీరు, ఆ ప్రదర్శన ఆమెది. ఆమె ఒప్పుకోకుండా దాన్ని రికార్డు చేసి అమ్ముకోకూడదు. 2012 సవరణ ఇంకో మెట్టు ఎక్కింది: తన ప్రదర్శనకు తన పేరు పెట్టమని అడిగే హక్కు ఆమెకు ఉంది. యూట్యూబ్‌లో ‘గిరిజన జానపదం’ అని పెట్టి, పాడినవాళ్ల పేరు ఎక్కడా లేని వీడియోలు మనం రోజూ చూస్తుంటాం. ఆ పేరు లేకపోవడం మర్యాద తప్పడం మాత్రమే కాదు, హక్కును కాలరాయడం.

అంతర్జాతీయంగా కూడా ఇది సగంలోనే ఉంది. ప్రపంచ మేధో సంపత్తి సంస్థలో 2000 నుంచి ఒక కమిటీ దీని మీద కూర్చుంది. 2024 మేలో జెనీవాలో ఒక ఒప్పందం కుదిరింది. పేటెంట్ అడిగేవాళ్లు తాము వాడిన మొక్క ఏ దేశానిదో, ఆ జ్ఞానం ఏ సమాజానిదో చెప్పాలన్నది దాని సారం. పాటలు, కథలు, నాట్యాలు, డిజైన్ల సంగతి ఆ ఒప్పందంలో లేదు.

చెప్పే అధికారం ఎవరికుంది?

పాట కంటే మందు విషయం ఇంకా క్లిష్టం. 1987లో కేరళ అగస్త్య కొండల్లో తిరుగుతున్న శాస్త్రవేత్తలు, దారి చూపిస్తున్న కాణి తెగ యువకులు ఏవో కాయలు నమిలి అలసట లేకుండా నడవడం గమనించారు. మొదట చెప్పడానికి ఒప్పుకోలేదు. నచ్చజెప్పాక చెప్పారు. అదే ఆరోగ్యపచ్చ. తిరువనంతపురంలోని ఉష్ణమండల వృక్ష పరిశోధనా సంస్థ దాన్నుంచి ‘జీవని’ అనే మందు తయారుచేసి, కోయంబత్తూరు కంపెనీ ఒకదానికి లైసెన్స్ ఇచ్చింది. 10 లక్షల రూపాయల ఫీజు, అమ్మకాల మీద 2 శాతం రాయల్టీ, వచ్చినదాంట్లో సగం కాణి సమాజానికి. 1997లో వాళ్ల పేరున ట్రస్టు ఏర్పడింది. ప్రపంచమంతా దీన్ని ఆదర్శంగా చెప్పుకుంది.

కానీ కాణివాళ్లలో వైద్యం తెలిసిన పెద్దలను ప్లాత్తి అంటారు. వైద్య రహస్యాన్ని బయటికి చెప్పే అధికారం ఆనవాయితీగా వాళ్లది. చెప్పినవాళ్లు దారి చూపడానికి వచ్చిన యువకులు. కాణి పెద్దలు కొందరు ఈ అమ్మకానికి అభ్యంతరం చెప్పారు. దూరపు పల్లెల కాణివాళ్లకు తమను ఎవరూ అడగలేదన్న బాధ ఉంది. ఒక మనిషి సరేనంటే తెగ సరేనన్నట్టేనా? ఈ ప్రశ్నకు లైసెన్స్ ఫారంలో జాగా లేదు.

దీనికి పక్కనే ఇంకో ఉదాహరణ చెన్నైకి దగ్గర్లోనే ఉంది. మహాబలిపురం దారిలో వడనెమ్మేలిలో 1978 నుంచి పాములు పట్టే ఇరులర్ తెగవాళ్ల సహకార సంఘం నడుస్తోంది. పాముచర్మాల వ్యాపారం చట్టంతో ఆగిపోయి బతుకుతెరువు పోయినప్పుడు, అదే నైపుణ్యంతో నాగుపాము, కట్లపాము, రక్తపింజర, చిన్నపింజరల విషం తీసి, పాములను మళ్లీ అడవిలో వదిలేసి, విషాన్ని విరుగుడు మందు తయారీకి అమ్ముతున్నారు. వీళ్లలో ఇద్దరు, వడివేల్ గోపాల్, మాసి సడయన్, 2023లో పద్మశ్రీ అందుకున్నారు. ఆరోగ్యపచ్చ సంగతి ఒక్కసారి బయటికి చెబితే అయిపోయింది, ఆ తర్వాత కాణివాళ్ల అవసరం తగ్గిపోయింది. పాము జాడ పట్టే విద్య మాత్రం ఇరులర్ల చేతుల్లోనే ఉండిపోయింది, ప్రతిసారీ వాళ్లే రావాలి. ఏది రాయాలి, ఏది రాయకూడదు అని తేల్చుకునేటప్పుడు ఈ తేడా చూడాలి.

జాతీయ జీవవైవిధ్య ప్రాధికార సంస్థ ప్రధాన కార్యాలయం ఉన్నదీ చెన్నైలోనే, తరమణిలో. 2002 చట్టం ప్రకారం మొక్కల మీద, వాటి జ్ఞానం మీద వ్యాపారం చేసేవాళ్లు లాభంలో వాటా ఇవ్వాలి. 2023 సవరణ ప్రామాణిక వైద్య గ్రంథాల్లో ఉన్న జ్ఞానానికి ఆ బాధ్యత నుంచి మినహాయింపు ఇచ్చింది. రాసి ఉన్నదానికి మినహాయింపు, నోటి మీద ఉన్నదానికి రక్షణ. రాతకు ఇంకో పక్క కూడా ఉంది. పసుపు మీద అమెరికాలో ఇచ్చిన పేటెంట్‌ను 1997లో రద్దు చేయించగలిగింది మన దగ్గరున్న పాత రాతలే. అందుకే ‘రాయండి’ అనీ ‘రాయకండి’ అనీ ఒక్క మాటలో చెప్పలేం.

రాత మేలు చేసిన చోట అది స్పష్టంగా కనిపిస్తుంది. 2006 అటవీ హక్కుల చట్టం కింద పెద్దల వాంగ్మూలాలు, ఆచారాల మీద చేసిన అధ్యయనాలు సాక్ష్యంగా చెల్లుతాయి. కర్ణాటక బిళిగిరి రంగన కొండల్లో సోలిగలు తమ వంశాల ఎల్లలను, దేవుళ్ల చోట్లను బెంగళూరు పరిశోధకులతో కలిసి మ్యాపు మీద గుర్తించారు. 2011లో, దేశంలో మొదటిసారిగా, ఒక పులుల అభయారణ్యం లోపల సామూహిక అటవీ హక్కులు వాళ్లకు వచ్చాయి. ఆ మ్యాపులో ఏ చోటు పేరు చూపించాలో, ఏది చూపకూడదో తెలిసినవాళ్లు వాళ్లే.

ప్రళయకావేరి పుస్తకం దగ్గరికి వస్తే, మా సమావేశంలో మాట్లాడుకున్నాక ఆ రచయిత కొన్ని నిర్ణయాలు తీసుకున్నారు. అట్ట మీద తన పేరు ముందు ‘సేకరణ’ అని ఉంటుంది. ప్రతి పాట కింద పాడినవాళ్ల పేరు, పాలెం, ఏడాది, అదీ వాళ్లు కావాలంటేనే. పసరు మందుల అధ్యాయం మొత్తం తీసేశారు. రాయల్టీలో వాటా గురించి తెలుగులో రెండు పేజీల ఒప్పందం రాసి, చదివి వినిపించి సంతకాలూ వేలిముద్రలూ తీసుకున్నారు. రికార్డింగులన్నీ మెమరీ కార్డుల్లో ఎక్కించి పాలెంలో ఇస్తున్నారు. శ్రీహరికోట దీవిలో రాకెట్ కేంద్రం రావడంతో ఇళ్లు వదలాల్సి వచ్చిన కుటుంబాలవాళ్లు తమ పాత చోట్ల పేర్లు తప్పకుండా వేయమని అడిగారు, అవి వస్తున్నాయి. అచ్చుకు ఇచ్చే ముందు ప్రూఫులు తీసుకెళ్లి పాలెంలో బిగ్గరగా చదివి వినిపిస్తున్నారు. దానివల్ల పుస్తకం ఆలస్యమవుతోంది, ప్రచురణకర్త ఒప్పుకున్నారు. ఒక కథ దగ్గర ఇద్దరు పెద్దలకు మాట తేడా వచ్చింది. ఎవరి రూపం సరైనదో తేల్చకుండా, ఇద్దరి పేర్లతో రెండూ పక్కపక్కనే వేస్తున్నారు.